ఆకుపచ్చ గీతల మధ్య అక్క

ఫ్యాక్టరీలో మా లైన్ అక్క చనిపోయింది. ఆ పొద్దున నేను ఇస్నాపూర్‌లో కంపెనీ బస్సు కోసం నిలబడి ఉండగా ఆమె మరిది ఫోన్ చేసి చెప్పాడు. గుండెపోటట. ఆసుపత్రికి చేరేలోపే ప్రాణం పోయిందట.

మేం చేసేవి దుకాణాలకూ, అపార్ట్‌మెంట్లకూ పెట్టే నిఘా కెమెరాలు. లైన్‌లోని ఆడవాళ్లందరికీ అక్కే పెద్ద. బోర్డు మీద చిప్పు సరిగా కూర్చుందో లేదో భూతద్దం కింద చూడడం నేర్పింది ఆమే. నేను చిప్పు వంకరగా పెడితే తిట్టేది కాదు. "కోడిగుడ్డు వట్టుకున్నట్టు వట్టుకో బిడ్డా. జల్దీ ఏం లేదు" అనేది. నాకు ఈ పని వచ్చిందంటే ఆమె చలవే. డబ్బాలో తెచ్చిన సర్వపిండి ముందు మాకు పంచి, మిగిలితే తను తినేది.

పోయినేడు కొత్త చిప్పు వచ్చింది. అది ఉన్న కెమెరా మనిషిని తానే గుర్తుపట్టి, ముఖం చుట్టూ ఆకుపచ్చ గీతలు గీస్తుంది. ఎవరు ఎంతసేపు కుర్చీలో లేరో మేనేజర్ ఫోన్‌కు చెబుతుంది. కొనేవాళ్లకు చూపించడానికని మొదటిది మా నెత్తి మీదే బిగించారు. రెండోది ఆడవాళ్ల బాత్రూం తలుపుకు ఎదురుగా!

అక్క పని ఆపి మేనేజర్ దగ్గరకు పోయింది. వెనకే మేమూ పోయాం.

"సార్, మీ ఇంట్ల బాత్రూం కాడ గిట్ల పెట్టుకుంటరా?"

"సేఫ్టీ కోసమమ్మా" అన్నాడాయన నవ్వుతూ.

"ఎవలు ఎన్నిసార్లు పోయిండ్రో లెక్కవెట్టుడు సేఫ్టీనా? థూ! అది తీసేదాంక ఇగ మేం చిప్పు ముట్టం."

మధ్యాహ్నానికి బాత్రూం దగ్గరిది తీసేశారు. ఆ నవ్వు తలచుకుంటే నాకిప్పటికీ రోత పుడుతుంది.

అంత్యక్రియలయ్యాక క్యాంటీన్‌లో సంతాప సభ పెట్టి, కర్దనూర్ నుంచి అక్క భర్తను పిలిపించారు. ఆయన రైతు. బల్ల మీద దండ వేసిన అక్క ఫొటో పెట్టారు. అది మా నెత్తి మీది కెమెరా పట్టిన ముఖం. తల వంచుకుని పని చేస్తున్నప్పటిది. ఆకుపచ్చ గీతలైనా చెరపలేదు. ఇంటివాళ్లను ఒక ఫొటో అడగాలని ఒక్కరికీ తోచలేదు.

"ఎంత క్లియర్‌గా వచ్చిందో చూడండి. మన చిప్పే" అన్నాడు మేనేజర్, ఆ భర్తతోనే.

"గీ గీతలేంది సార్?"

మేనేజర్ ఫోన్ తీసి చూసుకోసాగాడు. నేనే చెప్పాను. "కెమెరా గీసింది బావా. అక్క పని చేస్తుందా లేదా సూసేటందుకు."

ఆయన దండ తీసి, ఫొటోను బల్ల మీద బోర్లించి, బయటకు నడిచాడు. లారీల దుమ్ములో బస్టాపు వైపు పోతుంటే, ఆయన పిడికిట్లోంచి బంతిపూల రేకులు రోడ్డంతా రాలుతూనే ఉన్నాయి.