డంకన్ దొర టోపీ, మాస్టారి తువ్వాలు

గుంటూరు మిరప యార్డు దాటుతుంటే ఆటోలో ఉన్నవాళ్ళందరూ వరసగా తుమ్మడం ఇక్కడ మామూలే. మొన్న నల్లపాడు నుంచి కాలేజీకి వస్తుంటే నాకూ ఘాటు నషాళానికెక్కింది. పక్కన కూర్చున్న మా ఫస్టియర్ పిల్ల సుజాత కళ్ళు నులుముకోబోయింది. "చేతులు వెనక్కి!" అని ఒక్క కేక వేశాను. ఆ పిల్ల బిత్తరపోయి నిజంగానే చేతులు వెనక్కి పెట్టుకుంది. డ్రైవరు కూడా ఉలిక్కిపడ్డాడు. ఆడపిల్లల కాలేజీలో ఫిజికల్ డైరెక్టర్‌ని కనుక కేకలు వేయడం నా ఉద్యోగమే కానీ, ఈ కేక మాత్రం నాది కాదు. మా రత్నం మాస్టారిది. దాదాపు నలభై ఏళ్ళ తర్వాత అదే గొంతుతో నా నోట్లోంచి వచ్చేసరికి ముందు నవ్వొచ్చింది, ఆ వెనకే కళ్ళు చెమర్చాయి. అడిగినవాళ్ళకు మిరప ఘాటని చెప్పాను.

రత్నం మాస్టారు మా ఊరి మిషన్ హైస్కూల్లో డ్రిల్లు మాస్టారు. సన్నటి మనిషి, ఖాకీ నిక్కరు, తలకు ఎప్పుడూ తడి తువ్వాలు. ఆదివారం చర్చిలో ఆయన పాట అందుకుంటే పాస్టరుగారి గొంతు వినపడేది కాదు. ఆయనకు ఫుట్‌బాల్ పిచ్చి. మగపిల్లలంతా క్రికెట్ బ్యాట్లు పట్టుకుని పారిపోయేసరికి, ఏం తోచక కాదు, పంతం పట్టి మా ఆడపిల్లల్ని పిలిచారు. ఊరు ఊరంతా నవ్వింది. మా నాయనమ్మయితే ఆడపిల్ల బంతిని తన్నితే లక్ష్మిని తన్నినట్టేనంది. మాస్టారు మమ్మల్ని మర్నాడు మరో అరగంట ముందు రమ్మన్నారు.

మిరప కోతలు వచ్చాయంటే మా మైదానం మాకుండేది కాదు. కల్లాలు చాలక రైతులు కాయలు తెచ్చి అక్కడే ఆరబోసేవారు. హెడ్మాస్టారు కాదనలేకపోయేవారు. ఎర్రగా పరిచిన కాయల మధ్య మనిషి నడవడానికి వదిలిన బాటలే మాకు మిగిలేవి. మరొకరైతే జూన్ దాకా ఆట కట్టేసేవారే. మాస్టారు ఆ బాటల్లోనే ఆడించారు. బంతి కాస్త పైకి లేచిందా, పోయి కాయల్లో పడేది. కాయలవాళ్ళ తిట్లు ఒక ఎత్తు, ఆ బంతి పట్టుకున్న చేత్తో చెమట తుడుచుకోవడం ఒక ఎత్తు. ఓసారి నేను అట్లాగే తుడుచుకుని బావి దగ్గర కూర్చుని ఏడ్చాను. అప్పట్నుంచే చేతులు వెనక్కి కట్టుకుని ఆడాలన్న నియమం వచ్చింది. బంతి నేల విడవకూడదు, దగ్గర దగ్గరగా ఒకరికొకరు అందించుకుంటూ పోవాలి. డంకన్ దొర ఉండి ఉంటే ఈ గ్రౌండు చూసి మురిసిపోయేవాడని మాస్టారు తెగ సంబరపడేవారు.

డంకన్ దొర ఎవరో చెప్పాలి. మాస్టారు యువకుడిగా పొగాకు ఫ్యాక్టరీలో పనిచేసినప్పుడు అక్కడ యంత్రాలు చూసే ఇంజినీరు. ఇంగ్లీషువాడంటే మండిపడి, స్కాట్లాండ్ వాణ్ణని దిద్దేవాడట. బొగ్గు గనుల ఊళ్ళో పుట్టాడు. మొదటి ప్రపంచ యుద్ధం ముగిసి బతికినవాళ్ళు ఇళ్ళకు చేరుతున్న రోజుల్లో, పగలు గనిలో పనిచేసి సాయంత్రాలు ఆడి, చివరికి ఓ పేరున్న జట్టులో చేరాడు. మనిషి పొట్టి. అక్కడి వానలకు తోలు బంతి తడిసి రాయిలా బరువెక్కేదట. గాలిలో బంతి తనకు ఎట్లాగూ అందదు కనుక నేల మీద నడిపించడం నేర్చాడు. చాలా ఏళ్ళు ఆ జట్టులోనే ఆడాడు. కొట్టిన గోల్స్ తక్కువ, కొట్టించినవి ఎక్కువ. మర్నాడు పేపర్లో మాత్రం కొట్టినవాడి పేరే పడేది.

దేశం తరఫున ఆడే అవకాశం ఒక్కసారే వచ్చింది. ఆ రోజు గెలిపించిన గోలుకు బంతి అందించింది దొరే. జనమంతా కొట్టినవాడి కోసం గొంతులు చించుకుంటుంటే, ఎదుటి జట్టు ముసలి ట్రైనరు ఒక్కడు మైదానం గీత పక్కన నిలబడి, దొర వైపు చూసి టోపీ తీశాడట. మరుసటి ఏడు మోకాలు పోయింది, దాంతో ఆటా పోయింది. రాత్రిబడిలో నేర్చుకున్న యంత్రాల పని పట్టుకుని, ఓడెక్కి మన ఎండల్లోకి వచ్చిపడ్డాడు. ఇక్కడ ఫ్యాక్టరీ కూలీలనూ గుమాస్తాలనూ కలిపి జట్టు కట్టాడు. ఎవరు మంచి బంతి అందించినా తన టోపీ తీసేవాడట. ఒక దొర కూలివాడికి టోపీ తీయడం ఆ రోజుల్లో చిన్న విషయం కాదు. ఈ మాట చెప్పేటప్పుడు మాస్టారు కూర్చుని ఉంటే లేచి నిలబడేవారు.

"నాకూ తీశాడమ్మా" అనేవారు. "పుట్టిన తర్వాత నన్ను చూసి తల వంచిన మొదటి మనిషి ఆయనే."

నేను పదో తరగతిలో ఉండగా ఒంగోలులో పెద్ద మ్యాచ్ పడింది. స్పోర్ట్స్ హాస్టల్ వాళ్ళు చూడ్డానికి వస్తారనీ, మా స్కూలు నుంచి ఒక్కరినే తీసుకుంటారనీ మాస్టారు చెప్పారు. తీసుకుంటే ఇంటర్ చదువు, తిండి, ఉండడం అన్నీ వాళ్ళవే. పదో తరగతితో నా చదువు చాలని మా నాన్న అప్పటికే తేల్చేశాడు. నా స్నేహితురాలు మరియమ్మ పరిస్థితీ అంతే. వాళ్ళమ్మ మా చేలోనే కూలికి వచ్చేది, పరీక్షలయ్యాక మరియమ్మా ఆ వరసలోనే నిలబడాలి. ఆ ఒక్క సీటు ఇద్దరికీ కావాలి. ఇద్దరం రోజూ ఒకే బాటలో బంతి అందించుకున్నాం కానీ ఆ మాట మాత్రం ఎత్తలేదు.

ఈలోగా నాన్న అడ్డం తిరిగాడు. కోతల్లో మనుషులు దొరక్క తను చస్తుంటే ఆటలేంటన్నాడు. మా వైపు చిన్న రైతులు బదులు పనులు చేసుకుంటారు. ఈ రోజు మీరు మా చేలోకి వస్తే, రేపు మేము మీ చేలోకి వస్తాం. మాస్టారు ఆ పద్ధతి పట్టుకుని తిన్నగా మా చేను గట్టు మీదికి వచ్చారు.

"రామయ్యగారూ, మీ అమ్మాయి పని రోజు ఒకటి నాకివ్వండి. దానికి బదులు ఆదివారం ఆరాధన అవగానే మా జట్టంతా మీ చేలోకి దిగుతాం."

"మీరు కాయ కోస్తారా మాస్టారూ?"

"మా అమ్మ జీవితమంతా కోసింది. నాకు రాకపోతే ఆవిడకి చిన్నతనం కదండీ."

అన్నట్టే దిగారు. పొద్దుగూకేదాకా వంచిన నడుం ఎత్తలేదు. బదులు పని చేయించుకున్నాక మాట తప్పితే ఊళ్ళో తలెత్తుకోలేరు కనుక నాన్న ఒప్పుకున్నాడు. పైగా పిల్లని ఒంటరిగా పంపనంటూ తనూ ఒంగోలు బస్సెక్కాడు.

ఆట చివరికొచ్చినా రెండు జట్లూ సమానంగానే ఉన్నాయి. బంతి నా కాళ్ళ దగ్గర పడింది, ఎదురుగా గోల్‌కీపరు ఒక్కతే ఉంది. కొడితే పడేదేమో. పడకపోయినా కొట్టింది నేనని హాస్టల్ వాళ్ళకు తెలిసేది. కీపరు నా మీదికి దూకుతోంది, కుడి పక్కన మరియమ్మ ఖాళీగా ఉంది. త్యాగం చేశానని చెప్పుకుంటే అబద్ధం. మిరపకాయల మధ్య బాటల్లో అలవాటైన కాలు, ఖాళీగా ఉన్న మనిషి కనపడగానే బంతి ఇచ్చేసింది. మరియమ్మ గురి తప్పలేదు, గోలు పడింది. జట్టంతా దాని మీద పడింది, మైకులో దాని పేరు మోగింది. నేను ఉన్నచోటే ఉండిపోయాను. గెలిచామన్న సంతోషం ఉంది, సీటు పోయిందన్న ఏడుపూ ఉంది.

ఎందుకో మైదానం గీత వైపు చూశాను. మాస్టారు నన్నే చూస్తున్నారు. మెల్లగా తల మీది తువ్వాలు తీసి చేత్తో పట్టుకుని, కాస్త వంగారు. అన్నేళ్ళలో ఆయన తల అంత తెల్లబడిందని నాకు తెలియదు. ఆ మండుటెండలో నేను మళ్ళీ ఆట మొదలుపెట్టేదాకా తువ్వాలు నెత్తిన వేసుకోలేదు. పక్కనే నాన్న ఏమీ అర్థం కాక ఆయన్నీ నన్నూ మార్చి మార్చి చూస్తున్నాడు.

సీటు మరియమ్మకు వచ్చింది. తిరుగు బస్సులో నాన్న మాస్టారి పక్కన కూర్చుని, ఆ తువ్వాలు సంగతేంటని అడిగాడు. మాస్టారు బొగ్గు గని దగ్గర మొదలుపెట్టి టోపీ దాకా అంతా చెప్పారు. నాన్న ఊఁ కొడుతూ విన్నాడు. మా ఊరి దగ్గర బస్సు దిగాక ఒక్క మాటన్నాడు.

"మీరు తలగుడ్డ తీసిన పిల్లని నేను చేలో ఎట్టా పెట్టుకుంటాను మాస్టారూ."

ఆ జూన్‌లో నన్ను గుంటూరు కాలేజీలో చేర్పించాడు. మరియమ్మ రాష్ట్రానికి ఆడి, రైల్వేలో ఉద్యోగం తెచ్చుకుంది. ఆ బంతి నువ్వే కొట్టి ఉంటేనా అని ఇప్పటికీ అంటుంది. కొట్టి ఉంటే బయటికి పోయేదిలేవే అంటాను. మాస్టారు పోయినప్పుడు ఇద్దరం వెళ్ళి పెట్టె పట్టాం. నా పేరు పక్కన ఉద్యోగమూ డిగ్రీలూ ఉన్నాయి కానీ, గర్వంగా చెప్పుకునేది మాత్రం ఆ మాస్టారి జట్టులో ఆడాననే.

నిన్న సాయంత్రం మా కాలేజీ గ్రౌండులో గోలు పడింది. పిల్లలందరూ కొట్టిన అమ్మాయి వైపు పరిగెత్తారు. బంతి అందించిన సుజాత వెనకాలే ఆగిపోయి, వదులైన బూటు లేసు కట్టుకుంటోంది. తలెత్తేదాకా ఆగి, నా టోపీ తీశాను. ఆ పిల్ల అటూ ఇటూ చూసి, నాకేనా అన్నట్టు గుండె మీద చెయ్యి పెట్టుకుంది.

"నీకే" అన్నాను.