అక్కవైపు గోడ

మా బావ పోయాడు. తడలో నేను పనిచేసే బడిలో ప్రార్థన గంట కొట్టే వేళకు ఫోను వచ్చింది. చేసింది బావ ఇంటికి ఎదురింట్లో ఉండే పెద్దమ్మ. "పాపా, మీ బావ ఇంగ లేడమ్మా. పొద్దన కాఫీ తీసకపోతే తలుపు తెరిసే ఉండాది. పిలిస్తే పలకలా," అంది. పిల్లలు పాట మొదలుపెట్టారు. అది అయ్యేవరకూ ఫోను చెవి దగ్గరే పెట్టుకుని నిలబడ్డాను.

చంద్రగిరి దాటాక పాకాల రైలు దారిలో ఉండే చిన్న పల్లె ఆయనది. తిరుపతిలో ఒక టైల్స్ దుకాణంలో పని. లారీ వస్తే పెట్టెలు దించాలి, కొన్నవాళ్ల బండికి ఎక్కించాలి. జీవితమంతా అదే చేశాడు. ఎవరింటికి వెళ్లినా కూర్చునే ముందు గోడను వేలి కణుపుతో ఒకసారి తట్టి వినడం ఆయనకు అలవాటు. నా పెళ్లయిన కొత్తలో మా అత్తగారింటికి వచ్చినప్పుడు కూడా అట్లాగే తట్టాడు. మా మామగారు వింతగా చూస్తే, "గోడ బాగుండాదండీ," అని తనే సిగ్గుపడ్డాడు.

ఆయన్ని తలుచుకుంటే నాకు ముందుగా కళ్ల ముందుకొచ్చేది ఒక గోడ. దాని సంగతి చెబితే ఆయన సంగతి చెప్పినట్టే.

తొంభైల చివర్లో, ఆయనతో పెళ్లయిన కొన్నాళ్లకే, మా అక్క అటక మీద బాన దించబోయి నిచ్చెన మీంచి పడింది. వెన్ను దెబ్బతింది. తిరుపతిలో చూపించారు, వేలూరులో చూపించారు. ప్రాణానికి భయం లేదన్నారు, కాళ్లు మాత్రం ఇక రావన్నారు. అప్పటికి నాకు పంతులమ్మ చదువు అయిపోయి ఉద్యోగం కోసం చూస్తున్నాను. అక్కకు తోడుగా వచ్చి ఆ ఇంట్లోనే చాలాకాలం ఉండిపోయాను.

అది మట్టి గోడల ఇల్లు, పైన పెంకు. గోడలకు లోపలా బయటా ఎర్రమట్టి పూత. అక్కకు వెల్లకిలా పడుకుంటే వీపు పుండవుతుంది, ఎడమపక్కకు తిరిగితే నొప్పి. కుడిపక్కకే హాయి. కుడిపక్కన ఉన్నది గోడ. మంచం తిప్పి వేద్దామంటే తల ఉత్తరానికి వస్తుందని పెద్దవాళ్లెవరూ ఒప్పుకోలేదు. అందుకని పగలంతా అక్క ఆ గోడనే చూస్తూ ఉండేది. కొన్నాళ్లకు దానిలో ఆమెకు ఏవేవో కనిపించడం మొదలైంది.

"సూడు పాపా, ఈ బీటలో మన నాయన ఎద్దు ఉండాది. నిన్నటికంటే కొమ్ము రొంత పెరిగినాది."

నేను చూసేదాన్ని. కాసేపటికి నాకూ ఎద్దు కనిపించేది. మధ్యాహ్నం పూట ఆ గదిలో కూర్చుంటే మెలకువకూ నిద్రకూ మధ్య ఎక్కడో ఉన్నట్టుండేది. దూరంగా రైలు పోయే చప్పుడు, చూరులో పిచికలు, పక్కన అక్క మెల్లగా చెబుతున్న ఎద్దు కథ. ఇంట్లో ఉన్న రోజున బావ మాత్రం వింటూ వాకిట్లో నిలబడిపోయేవాడు. ఆయనకు ఆ ఎద్దు అంటే భయం వేసిందని నాకు తర్వాత తెలిసింది. "మీ అక్క ఆ గోడలోకి యాడికో పోతాండాది పాపా," అన్నాడొకసారి.

ఒక సాయంత్రం రైలు దిగి వచ్చి, తువ్వాలులో చుట్టిన వస్తువొకటి అక్క తలగడ పక్కన పెట్టి విప్పాడు. ఆకుపచ్చ టైల్. మధ్యలో తెల్ల కలువ. దుకాణంలో పాత మోడళ్లు రావడం ఆగిపోతే, గోడకు తగిలించిన శాంపిళ్లు తీసి మూలన పడేస్తారట. సావుకారును అడిగితే "పారేసేదే కదప్పా, తీసకపో" అన్నాడట.

అక్క దాని మీద చెంప ఆనించి, "అబ్బ, ఎంత సల్లగుండాదో!" అంది. పడిపోయిన తర్వాత ఆమె గొంతులో అంత సంబరం వినడం అదే మొదలు.

మరి కొన్నాళ్లకు ఇంకొకటి. నీలం మీద గవ్వలు. ఇంకొకటి, పసుపు మీద ద్రాక్షగుత్తి. ఏ రెండూ ఒకటి కాదు. కొన్ని పోగయ్యాక ఒక ఆదివారం బావ సిమెంటు కలిపి మట్టిపూత మీదనే అతికించడం మొదలుపెట్టాడు. ఊరి మేస్త్రి తొంగిచూసి, "మట్టి మీద సిమెంటు నిలవదప్పా, ముందు ఆ పూతంతా గీకి ఇనప జాలీ కొట్టల్ల," అన్నాడు. మంచం పక్కన అంత దుమ్ము లేపడం బావకు ఇష్టం లేకపోయింది. అతికించేశాడు. ఎంత బాగున్నాయో! దీపం పెట్టగానే గోడ మీద అక్కడక్కడా కిటికీలు తెరుచుకున్నట్టు వెలిగేవి.

కార్తీకం వానలకు గోడ చెమ్మగిల్లింది. ఒక తెల్లవారుజామున పెద్ద చప్పుడు. లేచి చూస్తే సగం పలకలు మట్టిపూతను కూడా పెచ్చులుగా ఊడదీసుకుని మంచం మీద పడి ఉన్నాయి. ఒక ముక్క అక్క చెవి పక్కన గీరుకుపోయింది. బావ ఆ రక్తం తుడిచాడు. అక్క పరుపు మీద పడిన మట్టిపెచ్చు ఒకటి తీసుకుని వేళ్లతో నలిపి చూసింది.

సంగతి మా ఊరికి చేరింది. మర్నాడే నాయన వ్యాను మాట్లాడుకుని వచ్చేశాడు.

"లేమ్మా, పోదాం. ఈ ఇంట్లో గోడలు కూడా నిన్ను బతకనిచ్చేటట్టు లేవు," అన్నాడు.

బావ వాకిట్లో నిలబడి ఉన్నాడు. నన్ను చూసి, "మీ అక్కకు ఏది బాగుంటే అది సెయ్యండి పాపా," అన్నాడు. చెబుతూనే మొహం అటు తిప్పుకున్నాడు. వ్యాను డ్రైవరు పరుపు వేసేందుకు వెనక సీటు విప్పుతున్నాడు. నేను అక్క బట్టలు సర్దడానికి పెట్టె తెరిచాను.

అక్క అంతసేపూ గోడనే చూస్తోంది.

"నాయనా, గోడ సగంలో ఉండాది. అది అయినాక వస్తా," అంది.

"రాలిపోయిన గోడమ్మా అది!"

"రాలింది ఆయప్పకు తెలీక. నన్నొక మాట అడగలా. మట్టి వానకు ఉబ్బుతాది, ఎండకు ముడుసుకుంటాది. సిమెంటు కదలదు. ఆ రెంటికీ యాడ కుదురుతాది? మట్టికి మట్టే కావల్ల. పుట్టమన్ను తెమ్మను, నేను సెప్తా."

పెళ్లికి ముందు మా ఇంటి గోడలన్నీ ఏటేటా పూసింది అక్కే. ఆ సంగతి మాకందరికీ తెలుసు. కానీ ఆమె పడిపోయిన రోజు నుంచి ఆమెకు చేతులున్నాయనే మేమెవ్వరం తలవలేదు.

నాయన చొక్కా విప్పి కొయ్యకు తగిలించాడు. "పుట్టమన్ను ఈడ యాడ దొరుకుతాదప్పా?" అని బావని అడిగాడు. వ్యాను వట్టిదే వెనక్కి పోయింది.

బావ పుట్టమన్ను తెచ్చి, గడ్డి సన్నగా తరిగి వేసి, పేడా కాస్త సున్నమూ కలిపి, గంగాళంలో నానబెట్టాడు. పొద్దునా సాయంత్రం ఒక ముద్ద తెచ్చి అక్క చేతికిచ్చేవాడు. ఆమె కళ్లు మూసుకుని వేళ్ల మధ్య పిసికి చూసేది. "ఇంగా కాలేదు." మళ్లీ మర్నాడు. "ఇంగా జిగట రాలేదు." ఆమె అయిందన్న రోజు బావ మొహం చూడాలి, పరీక్ష పాసైనట్టే. గోడను కొడవలి మొనతో గుంతలు గుంతలుగా గీరమంది. నీళ్లు చల్లమంది. గోడ నీళ్లు తాగడం మానేదాకా చల్లుతూనే ఉండమంది. మట్టి మందంగా పెట్టి, పలకను దానిలోకి మెల్లగా ఒత్తి, నాలుగు అంచుల మీదికీ మట్టిని కొంచెం ఎక్కించమంది. ఉంగరంలో రాయి పొదిగినట్టు. చేతికందిన చోట ఆ అంచులు తనే బొటనవేలితో నునుపు చేసింది.

ఈసారి నిలిచింది. అన్నీ కాదు. ప్రతి వానాకాలానికీ ఒకటో రెండో వదులయ్యేవి. బావ తట్టి చూసి, డొల్ల పలికినవాటిని అవి పడకముందే తీసి మళ్లీ పెట్టేవాడు.

ఒకరోజు బావ వాళ్ల అమ్మ పాకాల నుంచి వచ్చింది. బావ మోచేతుల దాకా మట్టితో ఉన్నాడు. ఆమె గడపలోనే నిలబడి, అక్క వింటోందని తెలిసే, "బిడ్డా పాపా లేకుండా ఎన్నాళ్లురా ఇట్ల? మనోళ్లలోనే పిల్ల ఉండాది. ఈ యమ్మిని కూడా సూసుకుంటామనే సెప్తాండారు," అంది.

"అమ్మా, ఆ సెంబు ఇట్ల ఇయ్యి," అన్నాడు బావ.

"నేను అడిగేది ఏంది, నువ్వు సెప్పేది ఏంది?"

"నాకు ఇల్లుండాది. ఇంట్లో మనిషుండాది. ఇంగేం గావల్లమ్మా?"

ఆమె చెంబు ఇవ్వలేదు. అన్నం కూడా తినకుండా వెళ్లిపోయింది. చాలాకాలం ఆ గడప తొక్కలేదు. ఆమె వెళ్లాక అక్క గోడవైపే చూస్తూ, "సేసుకోయ్యా. నాకేం కష్టం లేదు. నిజంగానే సెప్తాండా," అంది.

బావ పలక ఒత్తుతూనే, "మట్టి ఆరిపోతాది మే, గమ్మునుండు," అన్నాడు.

అక్క నవ్వింది. ఏడ్చింది కూడానేమో, మొహం గోడవైపు ఉంది కనుక నాకు తెలియలేదు. ఆ రెండో పెళ్లి మాట వాళ్ల మధ్య మళ్లీ రాలేదు. నా ఎదురుగా, బావ అన్న ఆ మాటకన్నా పెద్ద ప్రేమమాట వాళ్లు మాట్లాడుకోగా నేను వినలేదు.

గోడ నిండుతున్న కొద్దీ వాళ్లకొక ఆట దొరికింది. ఏ మోడలు ఎవరింటికి పోయిందో బావకు తెలుసు. బండికి ఎక్కించింది ఆయనే కదా. సాయంత్రం కాళ్లు కడుక్కుని మంచం పక్కన కూర్చుని ఒక్కో పలకా చూపించి చెప్పేవాడు. "ఈ గవ్వలది అలిపిరి రోడ్డులో ఒక రిటైరైన ఆయన ఇల్లు. మిద్దె మీద కూర్సుంటే కొండ మెట్ల దీపాలన్నీ అగపడతాయి." "ఈ ద్రాక్షగుత్తి శ్రీహరికోటలో పని సేసే ఒకాయన వంటిల్లు. రాకెట్టు లేస్తే గిన్నెలు గలగలంటాయంట." అక్క కళ్లు మూసుకుని వినేది. విన్న ఇంట్లో తిరిగి వచ్చేది. "వాళ్ల వంటిల్లు ఇరుకే, కానీ గాలి బాగుండాది," అనేది తాపీగా, నిజంగా చూసి వచ్చినదానిలా.

ఒకనాడు అడిగింది, "సరే గానీ, ఈ మొదటి కలువపువ్వుది ఎవరిల్లు?"

బావ నసిగాడు. "అది... ఒక డాక్టరమ్మ ఇల్లు."

"వంటిల్లా?"

"బాత్రూము."

"యోవ్! ఇన్నాళ్లూ నా మొగానికి ఎదురుగ్గా బాత్రూము పెట్టినావా!" అక్క నవ్విన నవ్వుకు మంచం కిర్రుకిర్రుమంది. ఎదురింటి పెద్దమ్మ ఏమైందోనని పరుగెత్తుకుని వచ్చింది. ఆమెకు చెప్పలేక ముగ్గురం ఇంకా నవ్వాం.

నాకు ఉద్యోగం వచ్చింది, పెళ్లయింది, తడకు వచ్చేశాను. రెండువేల సంవత్సరం దాటాక కొన్నేళ్లకు అక్క జ్వరంతో పోయింది. నిద్రలోనే పోయింది. ఏ ఇంట్లో తిరుగుతూ ఉండిందో.

ఆ తర్వాత బావ కొత్త పలక తేలేదు. "సూసేవాళ్లుండల్ల కదా పాపా," అన్నాడు. ఉన్నవాటిని మాత్రం వదల్లేదు. ప్రతి వానాకాలం ముందు పుట్టమన్ను నానబెట్టేవాడు. ముద్ద చేతిలో పిసికి కళ్లు మూసుకునేవాడు. నేను వెళ్లినప్పుడు అది నాకు కూడా ఇచ్చి, "అయిందంటావా?" అని అడిగేవాడు. నాకు తెలియదు. "ఇంగా కాలేదేమో బావా," అంటే ఒప్పుకుని మళ్లీ నానబెట్టేవాడు. ఆ ఇల్లు పడగొట్టి పక్కా ఇల్లు కట్టుకొమ్మని ఆయన తమ్ముడు పోరుతూనే ఉన్నాడు. బావ ఎప్పుడూ కాదనలేదు. "వానలు పోనీ," అనేవాడు. వానలు పోయేవి, ఎండలు పోయేవి, మళ్లీ వానలు వచ్చేవి.

మొన్న ఆయన్ని సాగనంపి వచ్చాక ఆడవాళ్లం ఇల్లు కడిగాం. ఎవరి పనుల్లో వాళ్లున్నారు. నడుం నొప్పి పుట్టి నేను అక్క మంచం మీద కాసేపు ఒరిగాను. అన్నాళ్లు ఆ ఇంట్లో ఉండి కూడా ఆ మంచం మీద నేనెప్పుడూ పడుకోలేదు. గోడవైపు తిరిగాను.

అన్ని పూల మధ్య, తలగడ ఎత్తున, కాస్త పాదాలవైపుగా ఒక నల్ల పలక ఉంది. దాని మీద పువ్వు లేదు, గీత లేదు. నిలబడి చూసినన్నాళ్లూ అది నా కంటికి ఆనలేదు. పడుకుని చూస్తే, నా వెనక ఉన్న వాకిలి మొత్తం అద్దంలోలా దానిలో ఉంది. అటు తిరిగి పడుకున్న మనిషికి ఇంట్లోకి వచ్చేవాళ్లు కనబడాలని బావ దాన్ని అక్కడ పెట్టాడు. ఆయనా చెప్పలేదు, అక్కా చెప్పలేదు.

నల్లటి నీళ్ల అడుగున ఉన్నట్టు వీధి కనిపిస్తోంది. గడప మీద పడమటి ఎండ. ఎదురింటి పెద్దమ్మ వంగి గ్లాసులు కడుగుతోంది. ఒక కోడి చిన్నగా దాటిపోయింది. వీధి చివర ఎవరో ఒకాయన ఇటే నడిచి వస్తున్నాడు. రైలు దిగిన మనిషిలా నింపాదిగా, అడుగడుక్కీ కొంచెం పెద్దగా అవుతూ వస్తున్నాడు. నేను కదలకుండా చూస్తున్నాను. మా గడప దాకా వచ్చి, ఎండకు చెయ్యి అడ్డం పెట్టుకుని ఒకసారి లోపలికి చూసి, ఆయన ముందుకు వెళ్లిపోయాడు.