రిహానా దాచని ఎనిమిది నెలలు

నిన్న ఉదయం ఆరున్నరకు మన అడ్వొకేట్ రిహానా చనిపోయింది. మెదడులో రక్తనాళం చిట్లింది. వయసు ముప్పై మూడు.

ఫోన్ వచ్చినప్పుడు నమ్మలేదు. ఇంకో ఇద్దరికి చేశాను. ఇద్దరూ అదే చెప్పారు.

విలేకరిగా వార్త కన్ఫర్మ్ చేసుకోవడం నా ఉద్యోగం. నిన్న మాత్రం ఎవరైనా కాదంటారేమోనని చేశాను.

రిహానాకు సివిల్ జడ్జి కావాలని ఉండేది. ఆ పరీక్షకు మూడేళ్లు ఎక్కడా ఆగకుండా ప్రాక్టీసు చేసి ఉండాలన్నది నిబంధన. ఆమెకు మధ్యలో ఎనిమిది నెలల గ్యాప్ ఉంది. తండ్రి యూసుఫ్ సాబ్ పక్షవాతంతో మంచాన పడితే, అన్నాళ్లూ కోర్టు మానేసి ఇంట్లోనే ఉంది.

ఆమె ఎవరి దగ్గర పనిచేసేదో ఆ సీనియర్ లాయర్, మూడేళ్లూ నిండాయని సర్టిఫికెట్ ఇస్తే గడిచిపోయేది. ఆయన సిద్ధంగానే ఉన్నాడు. ఆ రోజు నేనూ ఆయన ఆఫీసులోనే ఉన్నాను.

"ఎవలు చూస్తరమ్మా? మూడేండ్లు సాఫ్‌గ రాసిస్త, తీస్కపో."

"వద్దు సార్. గ్యాప్ రాయుండ్రి. రేపు నా ముంగట ఎవడన్న దొంగ సాక్ష్యం చెప్తే, ఒక్క మాట అననీకి నాకు నోరుండాలె గద!"

"ఇంక పరీక్షే రాయలే, అప్పుడే బెంచి ఎక్కినవా?"

అందరం నవ్వాం. ఆమె కూడా నవ్వింది.

కానీ గ్యాప్ రాయించుకునే వెళ్లింది.

దరఖాస్తు తిరస్కరించారు. ఇలాంటి గ్యాపే ఉన్న మరో ఇద్దరు మహిళా అడ్వొకేట్లతో కలిసి హైకోర్టుకు వెళ్లింది. ముగ్గురినీ పరీక్ష రాయనివ్వాలని మధ్యంతర ఉత్తర్వు వచ్చింది. తుది తీర్పు దాకా ఫలితాలు మాత్రం చెప్పకూడదు.

ఆ సాయంత్రం రియాక్షన్ కోసం ఫోన్ చేశాను.

"అన్నా, పేపర్ల 'గెలిచింది' అని రాయకు. పరీక్ష రాయనిచ్చిన్రు, గంతే. నువ్వట్ల రాస్తే రేపు బార్ అసోసియేషన్ల అందరికి చాయ్ నేనే తాపాలె."

నేను అలా రాయలేదు. అయినా చాయ్ తప్పలేదట. "జడ్జమ్మా, నాకు బెయిల్ ఇస్తవా?" అని ఒకాయన అడిగితే, "నీకైతే ఇయ్యనే ఇయ్య" అన్నదట.

పరీక్ష బాగా రాశానని చెప్పింది.

ఎన్ని మార్కులొచ్చాయో ఆమెకు తెలియకుండానే పోయింది.

నిన్న సాయంత్రం అసర్ నమాజు తర్వాత ఖననం చేశారు. యూసుఫ్ సాబ్ ఇప్పుడు కర్ర పట్టుకుని నడుస్తున్నారు. నన్ను పక్కకు పిలిచారు.

"లేపి కూసోబెట్టింది, తినబెట్టింది, నడిపిచ్చింది. గా ఎనిమిది నెలలే నా బిడ్డకు అడ్డమొచ్చినయా, బేటా?"

ఆయన చెయ్యి పట్టుకుని కూర్చోబెట్టాను. కూర్చున్నాక మళ్లీ అడిగారు.

"మార్కులన్న చెప్తరా?"

హైకోర్టులో ముగ్గురి తరఫున వాదిస్తున్న లాయర్‌ను అడిగాను. రిహానా వరకు కేసు ముగిసినట్టే అన్నాడు. ఫలితం బయటికి రాకపోవచ్చట. ఆ మాట యూసుఫ్ సాబ్‌కు ఇంకా చెప్పలేదు.

మిగతా ఇద్దరి కేసు నడుస్తుంది. వాళ్లూ నిన్న వచ్చారు. చిన్నామె ఏడుస్తూనే అన్నది: "గ్యాప్ దాచిపెడ్దామని నేనే అన్న సార్. అక్క వద్దన్నది. ఇప్పుడు మేమెట్ల ఇడిసిపెడ్తం?"

నిమ్మళంగా పడుకో, రిహానా. ఆ మట్టి నీకు చల్లగా ఉండాలి.

సోమవారం ఉదయం కేసు తుది వాదనలకు ఉంది. వాళ్లిద్దరూ వాయిదా అడగడం లేదు.