కళ్లు మూసుకుని వినాల్సిన మాటలు

మా అమ్మ నన్ను తిట్టాలనుకుంటే నాతో అనేది కాదు, దేవుడితో చెప్పేది. రాత్రి అన్నాలకు ముందు చాప మీద కూర్చుని కుటుంబ ప్రార్థన చేసుకోవడం అల్లూరు దగ్గర మా ఊళ్లో క్రైస్తవుల ఇళ్లన్నిటా ఉన్నదే. మా ఇంట్లో మాత్రం అది నా మీద పంచాయితీ.

అరవైల మొదట్లో నాకు నెల్లూరులో నర్సు ట్రైనింగుకు సీటొచ్చింది. ఇంట్లో చూస్తే నాయన వాళ్లమ్మ, మా అవ్వ, పక్షవాతంతో మంచం పట్టి ఉంది. ఆమెకు అన్నీ నేనే చేసేదాన్ని. నేను వెళ్తే ఆ చాకిరీ అమ్మ మీద పడుతుంది. అమ్మేమో తెల్లారితే కూలికి పోవాలి. ఇదంతా నాకు తెలియక కాదు.

"పరలోకమందున్న తండ్రీ," అని అందుకునేది అమ్మ. "ఈ బిడ్డ సొంత అవ్వని ఇడిసిపెట్టి, ఊళ్లోవాళ్ల అవ్వలకి సేవ చేస్తానని పోతా ఉండాది. దాని మనసు మార్చు నాయనా. నా నడుం సంగతి నీకు తెలీంది కాదు."

నాకు ఒళ్లు మండిపోయేది. మామూలుగా అంటే ఎదురు చెప్పొచ్చు, ప్రార్థనకు అడ్డం ఎలా వస్తాం? పైగా చివర్లో అందరితోపాటు నేనూ ఆమేన్ అనాలి. నా మీద ఫిర్యాదుకు నేనే వంత పాడాలన్నమాట! నాయన గట్టిగా ఆమేన్ అనేసి కంచం ముందుకు లాక్కునేవాడు. కన్నతల్లి విషయమైనా అటో ఇటో ఒక్క మాట అన్న పాపాన పోలేదు.

ఇక ప్రయాణం రేపనగా, అమ్మ నోరు తెరవకముందే నేను కళ్లు మూసుకుని మొదలుపెట్టాను.

"తండ్రీ, పొద్దున బస్సుకి నేను పోతా ఉండాను. నర్సు పని నేర్చుకునేది అవ్వ కోసమేనని నీ దగ్గర అబద్ధం చెప్పను. నాకు పోవాలని ఉండాది. అమ్మకి కష్టమే. ఆ కష్టంలో నాయన్ని కూడా ఒక చెయ్యి వెయ్యమని చెప్పు. ఆమేన్."

నాయన అలవాటు కొద్దీ ఆమేన్ అనేశాడు. తమ్ముళ్లూ అన్నారు. అమ్మ అనలేదు. అంతలో మంచం మీద నుంచి, వంకర పోయిన నోటితో, ముద్దముద్దగా అవ్వ ఆమేన్ అంది.

అంతవరకూ అమ్మ మీద కోపంతో వెళ్లిపోవడం నాకు తేలికగానే ఉంది. అవ్వ సరేనన్నాక కాలు కదల్లేదు. అయినా తెల్లారి బస్సెక్కాను.