థర్మల్ ఆయన గేముల కార్డు

నాకు అక్షరాలు వచ్చేసరికి నలభై ఆరేళ్ళు దాటాయి. అంతకుముందు రాయమంటే ఏం రాస్తాను? కొల్లేటి ఒడ్డున మా ఊళ్ళో బడి గంటా చేపల వేళా ఒక్కటే. వలలు ఒడ్డుకు చేరేసరికి అమ్మకో పెద్ద బుట్ట, నాకో చిన్న బుట్ట. మొదటి బస్సుకు పామర్రు వెళ్ళి, అమ్ముకుని, ఎండ నెత్తికెక్కాక తిరిగొస్తుంటే బడి పిల్లలు ఎదురయ్యేవారు. అంకెలు మాత్రం నేర్చుకున్నాను. అవి రాకపోతే తూకంలో మోసపోతాం. అక్షరాలు రాలేదని నన్నెవరూ మోసం చేయలేదు కాబట్టి వాటి గురించి పెద్దగా ఆలోచించలేదు.

పెళ్ళి మా మేనమామ కొడుకుతోనే అయింది. బావకు నీళ్ళంటే భయం. మా వాళ్ళలో అలాంటి మగవాడు ఉండడమే ఒక వింత. చేపల వ్యాపారం వద్దని బెజవాడ వచ్చేసి, భవానీపురంలో ఒక క్యాసెట్ల షాపులో పనికి కుదిరాడు. జనం పాటల చీటీ రాసి తెచ్చేవాళ్ళు. బావ ఖాళీ క్యాసెట్ మీద ఆ పాటలు వరుసగా ఎక్కించి ఇచ్చేవాడు. కొన్నాళ్ళకు సొంతంగా చిన్న గది తీసుకున్నాడు. ముందు షాపు, మధ్యలో పూల కర్టెన్, వెనక మేమూ మా పొయ్యీ. క్యాసెట్లు పోయి సీడీలు వచ్చాయి, సీడీలు పోయి సెల్‌ఫోన్ల మెమరీ కార్డుల్లో పాటలు వచ్చాయి. ఆ తరువాత గేములు.

రెండు చేతుల్లో పట్టుకుని ఆడే, నల్లగా మెరిసే గేమ్ ప్లేయర్లు అప్పట్లో కొత్త. కంపెనీవాళ్ళ డిస్కులు తప్ప వేరేవి ఎక్కకుండా వాటికి ఏదో తాళం ఉంటుందట. బావ ఆ తాళం తీసేవాడు. రాత్రి రెండు దాటాక నెట్ వాడకానికి లెక్క ఉండదని కంప్యూటర్‌కు డౌన్‌లోడ్ పెట్టి పడుకునేవాడు. పొద్దున్న లేవగానే పళ్ళు తోముకోకుండా ముందు అది పూర్తయిందా లేదా చూసేవాడు. పూర్తయిన గేముకు ఒక నంబరు ఇచ్చి, దాని బొమ్మ ప్రింటు తీసి పెళ్ళి ఆల్బంలో అతికించేవాడు. అవును, మా పెళ్ళి ఆల్బంలోనే. మా ఫోటోలు సగమే ఉండేవి, మిగతా పేజీలు ఖాళీ. పిల్లలు పేజీలు తిప్పుతూ కార్లు, ఫుట్‌బాల్, కత్తియుద్ధాలు చూసి, మధ్యలో బాసికంతో ఉన్న నన్ను చూసి, “ఆంటీ, ఇది ఏ గేము?” అనేవారు.

“అది ఆడితే బయటికి రాలేవురా,” అనేవాడు బావ.

చూసి చూసి నాకూ ఆ పని వచ్చింది. ప్లేయర్‌కూ కంప్యూటర్‌కూ తీగ పెట్టడం, ప్లేయర్‌లోని కార్డు తెరవడం, ఆల్బంలో నంబరు చూసి కంప్యూటర్‌లో అదే నంబరున్న పసుపు సంచిని పట్టుకుని కార్డులోకి లాగడం. ఫోల్డర్లను నేను పసుపు సంచులనేదాన్ని. ప్లేయర్ మీద చిన్న లైటు మినుకుమంటున్నంతసేపూ తీగ ముట్టుకోకూడదు, ఆగాకే పీకాలి. బావ భోజనం చేసే అరగంటా నేను కుర్చీలో కూర్చునేదాన్ని. నిజం చెప్పొద్దూ, ఆ అరగంట కోసం ఎదురుచూసేదాన్ని. నీచు వాసన లేకుండా, ఫ్యాను కింద కూర్చుని, జనం నన్ను మేడం అనే పని అది.

ఒక వేసవిలో బావకు కళ్ళకలక వచ్చింది. రెండు కళ్ళూ వాచి, ఊసులతో అతుక్కుపోయాయి. కళ్ళకలక ఉన్నవాడి కళ్ళలోకి చూస్తే మనకూ వస్తుందని భవానీపురమంతా నమ్మకం. షాపులో కూర్చుంటే ఒక్కడు గడప తొక్కడు. మా అమ్మాయి హాస్టల్లో ఉండి చదువుకుంటోంది. బావను కర్టెన్ వెనక మంచం మీద పడుకోబెట్టి, కళ్ళ మీద తడిగుడ్డ వేసి, కుర్చీలో నేను కూర్చున్నాను. ఈసారి అరగంట కాదు, పొద్దంతా.

రెండో రోజు పొద్దున్న థర్మల్ ఆయన వచ్చాడు. ఇబ్రహీంపట్నం థర్మల్ పవర్ స్టేషన్‌లో నైట్ షిఫ్ట్ చేసి స్టాఫ్ బస్సు దిగి తిన్నగా వచ్చాడు. యాభై దాటిన మనిషి, నెరిసిన గుబురు మీసం. ఆయన ఆడేది కార్ల పందెం ఒక్కటే. పోతూ వస్తూ బస్సులో ఆడేవాడు. వెనక సీటువాళ్ళు ఆయన భుజాల మీదుగా తొంగి చూసేవాళ్ళట. పదమూడు కప్పులు గెలిచాడు, ఇంకొక్కటి గెలిస్తే మొత్తం అయిపోతుంది.

“ఇందులో ఇంకో మూడు గేములు వెయ్యమ్మా, బస్సులో మావాళ్ళ ముచ్చట. సాయంత్రం డ్యూటీకి పోతూ తీసుకుంటా. మీ ఆయనేడీ?”

“కళ్ళకలకండీ.”

“అమ్మో,” అని రెండడుగులు వెనక్కి వేసి, ప్లేయర్ బల్ల మీద పెట్టి వెళ్ళిపోయాడు.

నేను తీగ పెట్టాను. కార్డు తెరిచాను. లోపల ఏవేవో సంచులు. చేపల బుట్టలో కొత్త సరుకు పోసేముందు పాత నీచు కడిగి బోర్లించాలి. లేకపోతే కొత్తదీ పాడవుతుంది. ఇది మా అమ్మ కర్రతో కొట్టి నేర్పిన సంగతి. పాటల కార్డులకు బావ కూడా అలాగే చేసేవాడు: అన్నీ పట్టుకుని చెరిపేసి, ఖాళీ కార్డులో కొత్త పాటలు. నేనూ అన్నీ పట్టుకున్నాను. చెరిపేశాను. పాత కార్ల గేము నంబరు ఆల్బంలో చూసుకుని మళ్ళీ వేశాను, దానితోపాటు కొత్తవి మూడూ వేశాను. నాలుగూ చక్కగా ఎక్కాయి. లైటు ఆగింది. పని బాగా చేశానని నాకే ముచ్చటేసింది.

మధ్యాహ్నం బావకు అన్నం కలిపి పెడుతున్నాను.

“థర్మలాయనది అయిందా?”

“ఎప్పుడో. కడిగిన ముత్యంలా చేసి పెట్టా.”

బావ నములుతున్నవాడు ఆగాడు. “కడగడమేంటే?”

“కార్డు. మొత్తం తుడిచేసి, నాలుగూ కొత్తగా వేశా.”

“మొత్తం అంటే? ఆయన ఆడినవి కూడానా?”

“ఆడినవి అందులో ఎందుకుంటాయి? ఆడేశాడుగా.”

కళ్ళు తెరవలేని మనిషి నా వైపు ముఖం తిప్పాడు. ఆట ఎక్కడిదాకా వచ్చిందో, ఏ కప్పు గెలిచారో, అవన్నీ కార్డులోనే ఇంకో సంచిలో ఉంటాయని అప్పుడు చెప్పాడు. పద్నాలుగు నెలల ఆట. దాని మీద నేను కొత్తవి కూడా ఎక్కించేశాను కాబట్టి తవ్వి తీసే దారి లేదు. నా చేతిలో అన్నం ముద్ద అలాగే ఉండిపోయింది.

“కాపీ ఉంటది,” అన్నాడు బావ. “ఎవరి కార్డు ముట్టుకున్నా ముందు ఆ సంచి మన కంప్యూటర్లో పెట్టుకుంటా. మనుషుల పేరున ఒక్కోటి. థర్మల్ నుంచి ముగ్గురొస్తారు, ఆయనది థర్మల్ మూడు.”

గేములకు నంబర్లు పెట్టిన మనిషి మనుషులకు మాత్రం ఇంగ్లీషు అక్షరాల్లో పేర్లు పెట్టాడు. అలాంటి సంచులు రెండొందల పైన ఉంటాయట. పక్క షాపతన్ని పిలిచి చదివిద్దామన్నాను.

“వాడూ మనలా గేములు లోడింగ్ చేసేవాడే. సాయంత్రానికల్లా బజారంతా టాంటాం కొడతాడు. వద్దు.”

సాయంత్రం బస్సు ఐదున్నరకు. మూడు దాటింది. షాపు షట్టరు సగం దించాను. బావను చెయ్యి పట్టుకుని తీసుకొచ్చి, నా వెనక పీట మీద, నా వీపుకు వీపు ఆనించి కూర్చోబెట్టాను. చూపు కలవకూడదు కదా. అయినా అతనికి చూపు ఎక్కడుంది? చూడలేని మనిషికి చదువొచ్చు, చూడగలిగేదానికి చదువు రాదు.

“కిందికి జరుపు. మొదటి అక్షరం ఎలా ఉందో చెప్పు.”

“కప్పులా ఉంది. పైన మూత లేదు.”

“దాటిపోయావ్. పైకి రా.”

“పాము. మెలికలు తిరిగింది.”

“ఎక్కువొచ్చావ్. కొంచెం కిందికి. కరెంటు స్తంభంలా ఉండాలి, పైన అడ్డకర్ర.”

“ఆ, ఉన్నాయి. స్తంభాలు చాలా ఉన్నాయి బావా.”

“పైదాంట్లో రెండో అక్షరం?”

“గుడారం. మధ్యలో దూలం.”

“అది తాడిగడపాయనది. వదిలెయ్. స్తంభం పక్కన నిచ్చెనుండాలి.”

“ఎన్ని మెట్లు?”

“ఒక్కటే మెట్టు.”

“ఒక్క మెట్టుకు నిచ్చెనెందుకు?”

“ఇంగ్లీషోళ్ళనడుగు. చూడవే ముందు!”

కళ్ళు చికిలించి చూశాను. స్తంభం, నిచ్చెన. దాని పక్కన మూడు పళ్ళ దువ్వెన. ఆ పక్కన పొట్ట ముందుకు తోసి ఒక కాలు చాపిన మనిషి. ఆ పక్కన రెండు పాకల కప్పులు కలిసి. మళ్ళీ గుడారం. చివర గోడ మూల. ఒక్కొక్కటీ చెబుతుంటే బావ వెనక నుంచి “ఆ… ఆ…” అంటున్నాడు. ఏడూ చెప్పాక నా వీపు మీద గట్టిగా చరిచాడు. “అదే! దాని పక్కన అంకె?”

అంకెలు నావి. “ఒకటి. కింద రెండు. కింద మూడు!”

ఆనందంలో బావ కళ్ళ నుంచి నీళ్ళు కారాయి. ఆనందమో కళ్ళకలకో నాకు తెలియదు. నా కొంగుతో తుడిచాను. అదే కొంగుతో నా ముఖం మీది చెమటా తుడుచుకున్నాను. సంచి మీది తేదీ చదివి చెప్పాను. లెక్క వేస్తే ఇరవై రెండు రోజుల కిందటిది. ఆ సంచిని కార్డులోకి లాగి, లైటు ఆగాక తీగ పీకి, గేము పెట్టి చూశాను. పచ్చ కారు వచ్చింది, దాని పక్కన పదకొండు అంకె.

“పదమూడు కదా ఉండాలి?” అన్నాను.

“రెండు పోయాయి. పదకొండు దొరికాయనుకో.”

ఐదింటికి థర్మల్ ఆయన క్యారియర్ పట్టుకుని వచ్చాడు. నేను ముందే చెప్పేశాను. చెబుతున్నంతసేపూ ఆయన మీసం దువ్వుకుంటూ నిలబడ్డాడు. తిడతాడనుకున్నాను. ప్లేయర్ తీసి ఆన్ చేసి చూసుకున్నాడు.

“పన్నెండోది కొండదారమ్మా. నెలన్నర పట్టింది. మొన్న బస్సంతా చప్పట్లు కొట్టారు.”

కర్టెన్ వెనక నుంచి బావ కేకేశాడు: “మళ్ళీ కొడతారండీ! ఈసారి డ్రైవర్‌ని కూడా బస్సు ఆపి చూడమనండి!”

“నువ్వు బయటికి రాకయ్యా బాబూ, అక్కడే ఉండు,” అన్నాడాయన. నవ్వాడు కూడా. నా మనసు తేలికపడబోతుండగా ప్లేయర్ జేబులో పెట్టుకుంటూ అన్నాడు: “తప్పుగా అనుకోకమ్మా. ఇకమీదట మీ ఆయన ఉన్నప్పుడే వస్తాలే.”

అందులో కోపం లేదు. అందుకే ఎక్కువ గుచ్చుకుంది. బుట్ట నెత్తిన పెట్టుకున్న రోజుల్లో ఎంతోమంది ఎన్నో అన్నారు. రెండు మాటలు ఎక్కువే తిరిగి అనేదాన్ని. ఆయనన్న దాంట్లో మాత్రం తప్పేముంది? రెండొందల మంది నమ్మి ఇచ్చినవి నా ముందు ఉంటే, వాటి మీద ఏముందో తెలియకుండా కుర్చీలో కూర్చున్నానన్నది నిజం. ఆ సాయంత్రం ఇంకో ఇద్దరు వచ్చారు. “రేపు రండి,” అని పంపేశాను. అన్నం వండాను, షట్టరు పూర్తిగా దించాను.

“కుర్చీలో కూర్చోనంటావా ఇక?” అన్నాడు బావ చీకట్లో.

చాప పరుచుకుని అటు తిరిగి పడుకున్నాను.

మర్నాడు పొద్దున్న మెలకువ వచ్చింది గానీ కళ్ళు తెరుచుకోలేదు. చూపుతో అంటుకుంటుందని అంత జాగ్రత్తపడితే, కొంగుతో అంటుకుంది. బావ కళ్ళు కొంచెం విచ్చుకున్నాయి. గోరువెచ్చని నీళ్ళు గిన్నెలో పోసి నా పక్కన పెట్టి, “ఇవాళ షాపు తియ్యొద్దులే, ఇద్దరం గుడ్డోళ్ళమే,” అన్నాడు.

కళ్ళు కడుక్కున్నాను. ఒకటి సన్నగా తెరుచుకుంది, మంటకు మళ్ళీ మూసేశాను. కిందికి జరిగి, చాప మడిచి, గచ్చు మీద చెయ్యి ఆనించాను. గిన్నెలో వేలు ముంచి స్తంభం గీశాను. పక్కన నిచ్చెన. దువ్వెన దగ్గర మళ్ళీ వేలు ముంచాల్సి వచ్చింది.

“ఏం చేస్తున్నావే?”

“చదువు.”

బావ పక్కన చతికిలబడ్డాడు. ఒక్కో అక్షరం పేరు పైకి చెబుతూ నా వేలు వెంట వచ్చాడు. పొట్ట ఉన్నదాన్ని నేను అటుదిటు చేశానని, నా చెయ్యి పట్టుకుని మళ్ళీ గీయించాడు. గోడ మూల దాకా వచ్చేసరికి ఎండాకాలం గచ్చు మొదటి రెండింటినీ తాగేసింది. గిన్నె దగ్గరికి లాక్కుని, మళ్ళీ స్తంభం నుంచి మొదలుపెట్టాను.