బొమ్మకు మీసాలున్నాయి

2019లో నల్గొండలో విలేఖరి ఉద్యోగం మానేసి డాక్యుమెంటరీలు తీయడం మొదలుపెట్టాను. అంతకుముందు జీతం ఆలస్యంగా వచ్చేది. మానేశాక ఆ బాధ లేదు, జీతమే లేదు. మొదటి సినిమా సరిహద్దులో చనిపోయిన జవాన్ల ఇళ్ల గురించి. అలా కట్టంగూర్ దగ్గరి ఒక ఊళ్లో ముత్తమ్మవ్వ ఇంటికి చేరాను. ఆమె ఒక్కగానొక్క కొడుకు సైదులు ఉమ్మడి రాష్ట్రం రోజుల్లోనే కాల్పుల్లో పోయాడు.

ఊరి మొదట్లో సైదులు విగ్రహం ఉంది. చేతిలో తుపాకీ, ముఖాన గుబురు మీసాలు. మా కెమెరామన్ యాదగిరి అప్పటికే దాన్ని నాలుగు వైపుల నుంచీ తీసేశాడు.

అవ్వ చాయ్ తాగించి, ఆ తర్వాత షరతు పెట్టింది: విగ్రహాన్ని సినిమాలో చూపించొద్దు. సైదులుకు మీసాలే లేవట. వీరుడన్నాక మీసాలుండాలని శిల్పికి గట్టి నమ్మకం కాబోలు. ఇంట్లో ఉన్న ఒక్క మంచి ఫొటో విగ్రహం కోసమని ఆ శిల్పితో పోయి తిరిగి రాలేదు. మిగిలింది పటాలంతో దిగిన గుంపు ఫొటో. అందులో సైదులు ముఖం పెసరగింజంత.

నేను క్లోజప్ పెట్టించాను. అంటే ముఖం తెరనిండా కనిపించేలా తీయడం. మా వృత్తిలో కన్నీళ్ల కోసం మర్యాదగా మాటువేసే పద్ధతి అది. అవ్వ ఏడవలేదు.

"కండ్లు మూస్తే గా బొమ్మనే అగుపడుతాంది బిడ్డా. నా కొడుకు మొఖం మరుస్తున్న. నా మొఖం తీసి ఏం జేస్తవు? వాని మొఖం యాడన్న దొరుకుతదేమో జర చూడు."

షూటింగ్ ఆగిపోయింది. చివరిసారి సెలవులో వచ్చినప్పుడు సైదులు ఒక దోస్తు పెళ్లికి పోయాడని అవ్వే గుర్తుచేసుకుంది. ఆ దోస్తు ఇంట్లో పెళ్లి క్యాసెట్‌కు బూజు పట్టింది. కానీ పెళ్లి క్యాసెట్ ఎప్పుడూ రెండు కాపీలు, ఆడపెళ్లివాళ్లకు ఒకటి. హాలియాలో పెళ్లికూతురి తల్లి దాన్ని బీరువాలో పట్టుచీరల మడతల్లో దాచింది. నల్గొండలో ఒక స్టూడియోవాడు దాన్ని కంప్యూటర్‌లోకి ఎక్కించి ఇచ్చాడు.

పెళ్లి వీడియోల్లో తామరపువ్వు గిర్రున తిరిగి విచ్చుకుంటే మధ్యలోంచి మనుషులు వస్తారు. వాటిని చూసి నేను చాలాసార్లు నవ్వాను. అవ్వ ముందు ల్యాప్‌టాప్ పెట్టాం. పువ్వు తిరిగింది, విచ్చుకుంది. అందులో సైదులు, బంతిలో కూర్చుని నోటినిండా బగారన్నంతో, కెమెరాను పక్కకు పొమ్మని చెయ్యి ఊపుతూ.

"ఆపు," అంది అవ్వ. ఆపాను. చాలాసేపు చూసింది.

"గీడు నా కొడుకు. బుక్క నోట్లుండంగ పిలిస్తే గట్లనే చెయ్యూపుతుండె." మళ్లీ కాసేపు చూసి, "ఒట్టి అన్నమే తింటాండు. కూర ఎయ్యలే గావచ్చు," అంది.

యాదగిరి లెన్సులో దుమ్ముందని బయటికి పోయాడు. ఆ రోజు దుమ్ము బాగా ఎక్కువున్నట్టుంది, చాలాసేపు తుడిచాడు.

సినిమాలో విగ్రహం లేదు, తామరపువ్వు ఉంది. హైదరాబాద్‌లో సినిమా చూసిన ఒక పెద్దాయన ఆ పువ్వును కత్తిరిస్తే బాగుంటుందన్నాడు. అవ్వ ఒప్పుకోదన్నాను. యుద్ధం ఏం పట్టుకుపోయిందో చూపాలంటే తుపాకీ పట్టుకున్న మనిషి సరిపోడని, అన్నం తింటున్న మనిషి కావాలని నాకు ఆ ఇంట్లోనే తెలిసింది.

ఇప్పుడు అవ్వ ఆ విగ్రహం మీద కోపం మానేసిందట. అటునుంచి పోయేటప్పుడు ఒక్క క్షణం ఆగి, "ఎవ్వల కొడుకో పాపం, ఎండల నిలవడ్డడు," అని పోతుందట.