మంగాయమ్మ పాయకి గొలుసు

మంగాయమ్మ పిలిస్తే పీతలు బొరియల్లోంచి బయటికొచ్చేస్తాయని గోదావరి సముద్రంలో కలిసే మొగ దగ్గర చెప్పుకుంటారు. శుద్ధ అబద్ధం. సగమే వస్తాయి. మిగతా సగానికి పొగరు. ముప్ఫయ్యేళ్లుగా ఆవిడ మడ అడవిలో మోకాటిలోతు బురదలో దిగి, ఇనుప కొక్కెంతో పీతలు తీసి బతుకుతోంది. గుడ్ల పీత చేతికి తగిలితే మాత్రం "పురుడు పోసుకుని రా తల్లీ" అని బొరియలోకే సాగనంపుతుంది.

ఆ అడవిని ఉద్ధరించడానికి పచ్చతీరం అనే సంస్థ తరఫున మురళీమోహన్ గారు దిగేరు. అడవిని ఏసీ గదిలో చదువుకున్న మనిషి. వస్తూనే అడవిలోకి వెళ్లే పాయకి అడ్డంగా గొలుసు వేయించేరు. దిండి నుంచి వచ్చే టూరిస్టు పడవకి తీసేవారు, మంగాయమ్మ దోనెకి తీసేవారు కాదు. ఆవిడ దోనె గట్టునే వదిలి, బురదలో నడిచే వెళ్లేది. అడవికి ఆవిడ వల్లే ప్రమాదమట. సీసాలు తాగి పాయలోకి విసిరేవాళ్ల వల్ల కాదట!

ఆ పైన బూట్లకి బురద అంటకుండా చెక్కపలక మీద నిలబడి, ఫొటోలు దిగుతూ, రెండు వేల మడ విత్తనాలు నాటించేరు. మునక్కాయంత పొడుగుంటాయవి. రెండు నెలలైనా ఒక్కటీ ఆకు వెయ్యలేదు. ఈలోగా, మరో రెండు నెలల్లో పైనుంచి తనిఖీ వస్తోందని కబురు.

"అన్నీ నీ కాళ్ల కింద పడే చచ్చాయి. ఇక జన్మలో నిన్ను పాయలోకి రానివ్వను," అని మంగాయమ్మ మీద విరుచుకుపడ్డారు.

పాయలోకి వెళ్లకపోతే ఆవిడ పొయ్యి వెలగదు. అయినా బతిమాలలేదు. గొలుసు దాటి వెళ్లి, ఒక విత్తనం పీకి ఆయన ముక్కు ముందు పెట్టింది.

"వేరు ఎటు దిగుతుందండీ?"

"కిందికి."

"ఆయ్, బాగానే చదివేరు. మరి వేరొచ్చే కొసని ఆకాశానికి పెట్టేరేంటండీ? రెండు వేలూ తలకిందులేనండి. శీర్షాసనం నేర్పిస్తున్నారేమో అనుకున్నాను."

మురళీమోహన్ గారి మొహం ఉడికిన పీత రంగుకి తిరిగింది.

"తనిఖీలోపు సరిగ్గా నాటించండి మంగాయమ్మ గారూ. కూలి ఇప్పిస్తాను."

"కూలొద్దండి. గొలుసు తియ్యండి. ఈ పాయ మా తాతల నాటి దారి, ఇంకెప్పుడూ అడ్డం పెట్టనని రాసి సంతకం పెట్టండి."

గొణుక్కుంటూ రాసేరు. కాగితం రవికెలో దోపుకుని ఆవిడ ఊళ్లో ఆడాళ్లని కేకేసింది. కొత్త విత్తనాలు ఏరుకొచ్చి రెండ్రోజుల్లో నాటేసేరు.

తనిఖీ నాటికి ఆకులేసిన మొలకలు చూసి మురిసిపోయి తనిఖీవాళ్లు శాలువా కప్పేరు. ఎవరికనుకున్నారు? మురళీమోహన్ గారికి. ఆ చప్పట్లు మంగాయమ్మకి వినపడలేదు. అప్పటికే పాయ మలుపు తిరిగిపోయి, ఓ బొరియలోకి భుజందాకా చెయ్యి పెట్టి ఉంది.